ఈసారి చావని పాత్ర

నా చేయి పట్టుకుని ఒక మనిషి రైల్లో చచ్చిపోయింది. తలుచుకుంటే ఇప్పటికీ నవ్వొస్తుంది.

హిందూపురంలో ప్యాసింజరెక్కి నా పక్కన కూర్చున్న ఆ రష్యా ఆమెకు డెబ్బై ఏళ్లుంటాయి. వాళ్ల దేశంలో సినిమా నటి అట. మొదట హీరోయిన్, తర్వాత తల్లి, ఆపైన మంచం మీద ప్రాణం విడిచే ముసలిది. వేషాలకు పిలుపులు ఆగిపోయాక మా వైపు వచ్చి ఉండిపోయింది. తెలుగూ ఇక్కడే నేర్చుకుంది.

ఎదురుగా కూర్చున్న అవ్వ నమ్మలేదు. "యాక్టరువైతే ఆ సచ్చిపోయేది ఈడ చేసి చూపించు, సూద్దాం!"

రైలు పెనుకొండ దాటింది. ఆమె నా చేయి గట్టిగా పట్టుకుంది. ఊపిరి ఎగసి ఆగింది. వేళ్లు సడలి, తల కిటికీకి వాలింది. తెరిచిన కళ్లు అలాగే నిలిచిపోయాయి.

"యాడ పుట్టి యాడ పోతివే తల్లీ!" అవ్వ రొమ్ము బాదుకుంటూ శోకం అందుకుంది. మా వైపు రాగం తీసి ఏడవకపోతే పోయినవాళ్లకు మర్యాద కాదు. బోగీలో ఆడవాళ్లంతా గొంతు కలిపారు.

శవం ఫక్కున నవ్వింది.

అవ్వ ఉలిక్కిపడి, ఆమె బుగ్గలు తడిమి మెటికలు విరిచింది. "పాడుదానా, ఇంగెప్పుడూ సావగాకు!"

"సావనవ్వా. నిన్న మా దేశం నుంచి ఫోనొచ్చింది. కొత్త సినిమాలో ముసలిదే హీరోయిన్. అందుకే పోతాండా. కడదాకా సావకుండా ఉంటా."

ధర్మవరంలో ఆమె దిగుతుంటే, తెర మీద హీరో వచ్చినట్టు బోగీ అంతా ఈలలు. అందరికన్నా గట్టి ఈల అవ్వది.