బరువు చూసి దించుకున్న పులిమేక

ముందే ఒప్పేసుకుంటున్నాను. నేను పెంచి చెబుతాను. ఈ సంగతి మా ఇంట్లో అందరికీ తెలుసు. ఏలూరు బజారు నుంచి వచ్చి నేను "నిప్పుల వాన కురుస్తోంది" అంటే, మా ఆవిడ అందులో మూడొంతులు తీసేసి, మిగిలినదానికి గొడుగు అక్కర్లేదని తేల్చుకుని బయల్దేరుతుంది. మీరూ అలాగే చదవండి, నేనేమీ అనుకోను. ఒక్క జాడీ దగ్గర మాత్రం అంగుళం కూడా తగ్గించకండి.

ఆ జాడీ మా అత్తగారి తల్లిది. తెల్లటి పింగాణీ, గోధుమరంగు మెడ. అందులో ఒకసారి ఆవకాయ కలిపితే గణపవరం మండలం మొత్తానికి ఏడాదంతా వడ్డించవచ్చు. తల్లి పోయాక అత్తగారికీ, ఆవిడ అక్కగారికీ వస్తువులన్నీ సమానంగా వచ్చాయి కానీ జాడీని సగానికి కోయడం కుదరలేదు. అందుకని పందెం వేసుకున్నారు. ఏటా మామిడికాయలు దిగే ముందు ఒక్క ఆట పులిమేక. గెలిచినవారింట్లో ఆ ఏడాది జాడీ ఉంటుంది.

అత్తగారిది గణపవరం దాటాక కొల్లేరు వైపు, చేపల చెరువుల మధ్య ఊరు. పెద్దత్తగారిది ముదినేపల్లి దగ్గర. మొదట్లో గచ్చు మీద సుద్దతో గీతలు గీసి, చింతగింజల్ని మేకలుగా, గవ్వల్ని పులులుగా పెట్టుకుని ఎదురెదురుగా కూర్చుని ఆడేవారు. పెద్దత్తగారి మోకాళ్ళు సహకరించడం మానేశాక ఆట ఫోనులోకి మారింది. ఎవరో పుణ్యాత్ముడు అచ్చంగా మన గీతలతో, మన లెక్కతో యాప్ తయారుచేశాడు. ఈవిడ ఇక్కడ మేకని జరిపితే ఆవిడకి అక్కడ కనబడుతుంది. ఏడాది పొడుగునా ఉత్తినే ఆడుకునేవారు, జాడీ ఆట మాత్రం ఒక్కటే.

ఈ ఏడు ఆ ఆట ఇంకా వారం ఉందనగా అత్తగారు మేత పడవలోకి వంగి మామగారికి టీ ఫ్లాస్కు అందించబోయారు. నడుముకి దోపుకున్న ఫోను ముందుగా చెరువులోకి దిగిపోయింది. మా మామగారి లెక్క ప్రకారం ఆ చెరువులో శీలావతి చేపలు ఇప్పుడు పులుల పక్షం, బొచ్చె చేపలు మేకల పక్షం.

మా ఆవిడ తాడేపల్లిగూడెం వెళ్ళి కొత్త ఫోను కొని, పాత నంబరే వేయించి ఇచ్చింది. అన్నీ తిరిగి వచ్చాయి, పులిమేక తప్ప. అసలు స్టోరులో వెతికితే పులులు లక్షల్లో ఉన్నాయి. కార్లు నడిపే పులులు, మిఠాయిలు పేల్చే పులులు. మేకని చూసి ఆగే పులి ఒక్కటీ లేదు. ఆ ఆట తయారుచేసినాయన దాన్ని చాలాకాలంగా పట్టించుకోలేదట, స్టోరువాళ్ళు తీసేశారట. పెద్దత్తగారి ఫోనులో పాతది కాబట్టి మిగిలింది.

కబురు తెలిసి పెద్దత్తగారు ఫోను చేశారు. అత్తగారు స్పీకరు పెట్టారు.

"ఏమే చెల్లీ, నీ పులులు ఈత నేర్చుకుంటున్నాయట."

"నువ్వు నీ మోకాళ్ళ సంగతి చూసుకో అక్కా."

"ఆదివారం సాయంత్రం అయిదింటికి. రాకపోతే ఓడినట్టే. జాడీ కడిగి ఆరబెట్టి ఉంచు."

"ఆరబెట్టే ఉంచాను, నా ఆవకాయ కోసం."

ఫోను పెట్టేశాక అత్తగారు లోపలికి వెళ్ళి జాడీని కొంగుతో తుడిచి వచ్చారు. ఆ తర్వాతే నన్ను పిలిపించారు.

నన్నే ఎందుకంటే, ఏలూరులో నేను పనిచేసే కాలేజీలో సైబర్ జాగ్రత్తల మీద ఒక పూట శిక్షణ ఇచ్చారు. దానికి నేను నిండుగా హాజరయ్యాను. సమోసా బాగుంది. ఆ రోజు నుంచి మా బంధువులందరికీ నేను కంప్యూటరు ఇంజనీరుతో సమానం.

ఆదివారం పొద్దున్నే మా ఆవిడతో కలిసి వెళ్ళి వరండాలో కుర్చీ వేసుకుని కూర్చున్నాను. అత్తగారు పక్కన పీట మీద శీలావతి ముక్కలకి ఉప్పూ పసుపూ పట్టిస్తున్నారు. నెట్‌లో వెతికాను. పులిమేక ఉన్న సైట్లు బారులు తీరాయి. ఒక్కో సైటులో 'డౌన్‌లోడ్' అని నాలుగు వందల పచ్చ బటన్లు, జాతరలో దీపాల్లా వెలిగి ఆరుతున్నాయి. మూడు ఫైళ్ళు తేలాయి. ఒకటి పీలగా, ఒకటి మధ్యరకం, మూడోది మిగతా రెంటినీ మింగి కూర్చున్నంత బరువు. మావైపు చేపయినా ఫైలయినా బరువు చూసే ఎంచుతాం. బరువైనదే దించాను. దాని కింద 'ఇందులో ఎప్పుడూ మీరే గెలుస్తారు' అని కూడా రాసి ఉంది.

"ఎప్పుడూ నేనే గెలిచేదాన్ని ఎవరు ఆడతారండీ అల్లుడుగారూ," అన్నారు అత్తగారు ముక్క తిప్పుతూ. "అయినా మూడు పులులూ పదిహేను మేకలకి అంత బరువేంటండీ? ఐసుతో కలిపి తూచినట్టుంది."

"కొత్త రకం అత్తయ్యగారూ. బొమ్మలు బాగుంటాయి," అన్నాను ఇంజనీరు గొంతుతో.

ఫోను వద్దంది. తెలియని చోటు నుంచి వచ్చిన ఫైలు అంది. దాని భయం తీర్చి ముందుకి వెళ్ళాను. అప్పుడు ఆట మాట్లాడటం మొదలుపెట్టింది. కాంటాక్టులు చూడనివ్వాలా, అంది. ఇచ్చాను. ఆ తర్వాత అడిగినదాన్ని అత్తగారు కళ్ళజోడు పైకెత్తి పైకే చదివారు.

"మీ మెసేజులు చదవడానికి అనుమతించాలా." నా వైపు తిరిగారు. "పులికి నా మెసేజులెందుకండీ?"

నా వేలు 'అనుమతించు' మీదకి దిగుతోంది. అత్తగారు పసుపు చేత్తోనే నా మణికట్టు పట్టుకున్నారు. చొక్కా కఫ్ మీద ఆ అయిదు వేళ్ళూ ఇప్పటికీ ఉన్నాయి.

"చేపల డబ్బులు పడిన మెసేజులు అందులోనే కదండీ వచ్చేది. బ్యాంకువాళ్ళ నంబర్లూ అందులోనే. చేపపిల్లల సీడు అమ్మడానికి వచ్చినవాడు బీరువా తాళం అడిగితే ఇస్తామా?"

వంటింట్లోంచి మా ఆవిడ, "శిక్షణలో ఇది చెప్పలేదా ఏవండీ?" అంది.

చెప్పే ఉంటారు. సమోసా అప్పుడే వచ్చి ఉంటుంది.

దించినదాన్ని తీసేయించి, ఇచ్చిన కాంటాక్టుల అనుమతి వెనక్కి లాగించి, అత్తగారు చెయ్యి కడుక్కుని వచ్చి నాకు పాఠం చెప్పారు. చెరువులో చేపపిల్లల్ని వేసేముందు వాళ్ళు చేసే పద్ధతి అది. ముందు ఎవరి దగ్గర పుట్టిన పిల్లలో కనుక్కుంటారు. మధ్యలో దళారి చెప్పింది నమ్మరు, పెంచినవాడి దగ్గరికే వెళతారు. సంచీ తెచ్చాక వెంటనే విప్పరు, నీళ్ళలో అలాగే తేలవేస్తారు. విప్పినా పెద్ద చెరువులోకి వదలరు. ఒక మూల చిన్న వల కట్టి అందులో వదిలి ఒక పూట చూస్తారు.

"రోగం ఉంటే ఆ మూలే తేలిపోతుందండీ. పెద్ద చెరువు బతుకుతుంది. మరి ఈ ఫోనుకి మూల వల ఏదండీ?"

ఇంజనీరు ఫోను తిరగేసి చూశాడు. మూల వల మా ఆవిడ దగ్గర ఉంది. వంట చేస్తూ పాటలు వినడానికి ఎక్కడికైనా వెంట తెచ్చుకునే నా పాత ఫోను తెచ్చి ముందు పెట్టింది. గాజు పగిలి సాలెగూడులా ఉంటుంది. సిమ్ము లేదు, బ్యాంకు లేదు, కాంటాక్టులు లేవు. దొంగ వచ్చినా తాలింపు వాసన తప్ప ఏమీ దొరకదు.

ఇక పెంచినవాడి దగ్గరికి, అంటే ఆట తయారుచేసినాయన దగ్గరికి వెళ్ళాలి. ఆయన చిరునామా తెలిసింది లోకంలో ఒక్కరి ఫోనుకే. అత్తగారు చాలాసేపు చెరువు వైపు చూశారు. తర్వాత అక్కగారి నంబరు నొక్కారు.

"అక్కా, నీ ఆటలో మూల మూడు గీతలుంటాయి, నొక్కు. కింద తయారుచేసినవాళ్ళ సైటు రాసి ఉంటుందట. చదువు."

"ఎందుకు చదవాలి? చదవకపోతే అయిదింటికి జాడీ నాది."

"అవును."

అవతల కళ్ళజోడు పెట్టె తెరిచిన చప్పుడైంది.

"ఆడకుండా తెచ్చుకున్న జాడీలో ఆవకాయ బూజు పడుతుందే. అల్లుడుగారిని రాసుకోమను. ఎమ్ ఫర్ ముదినేపల్లి. తర్వాత జి, గణపవరానిది."

అలా మా రెండు మండలాల్లోని ఊళ్ళన్నీ తిరిగితే తప్ప చిరునామా పూర్తి కాలేదు. అక్షరానికో బంధువు కూడా తగిలారు, వాళ్ళ యోగక్షేమాలూ మధ్యలో అయ్యాయి.

ఆ సైటులో ఒక్క బటనూ మెరవలేదు. తెల్ల పేజీ, ఒక ఫైలు, దాని పక్కన 'స్టోరులో లేదు, ఇష్టమైనవాళ్ళు ఇక్కడ తీసుకోండి' అన్న ముక్క. పొద్దుటి పీల ఫైలు కన్నా పీలగా ఉంది. నా ఇప్పటి ఫోను నుంచి నెట్ పంచి, పాత ఫోనులో బయటి ఫైళ్ళు ఎక్కించడానికి ఆ ఒక్క బ్రౌజరుకి మాత్రం అనుమతి ఇచ్చాం. ఫైలు రాగానే ఫోను దాన్ని ఒకసారి పరీక్షించి ఊరుకుంది. ఆట ఎక్కాక ఆ అనుమతి మళ్ళీ తీసేశాం, చుట్టం లోపలికి రాగానే తలుపు గడియ వేసినట్టు. ఆట కాంటాక్టులు అడగలేదు, మెసేజులు అడగలేదు.

"ఏమీ అడగదేంటండీ, మొహమాటమా?" అన్నారు అత్తగారు.

పదకొండు నుంచి నాలుగున్నర దాకా దాన్ని అరుగు మీద పెట్టి కాపలా కాశాం. అరగంటకోసారి అత్తగారు వచ్చి చెయ్యి పెట్టి వేడి చూసేవారు. ప్రకటనలేమైనా దూకుతున్నాయా అని అడిగేవారు. ఏమీ దూకలేదు. అయినా కొత్త ఫోనులోకి మార్చనివ్వలేదు. "అక్కడే బతుకుతోంది కదండీ, పెద్ద చెరువెందుకు?"

అయిదింటికి ఆట మొదలైంది. కొల్లేరు మీద కొంగలు గాలిలో నిలిచిపోయాయి. చెరువుల్లో నీళ్ళు చిలికే ఏరేటర్లు తమంతట తామే ఆగి చెవులు రిక్కించాయి. అత్తగారివి మేకలు. పగిలిన గాజు మీద ఒక్కో మేకా గండి దాటినట్టు గీత దాటింది. చివరికి మూడు పులులనీ మూలకి నెట్టి కదలకుండా కట్టేశారు. అత్తగారు గెలిచారు. ఆ తర్వాత, ఎంతైనా అక్క కదా అని, ఉదారంగా జాడీని ముదినేపల్లి పంపించేశారు. కొల్లేరు గట్ల వెంట ఆటోలో ఆ జాడీని ఒళ్ళో పెట్టుకుని మోసినవాణ్ణి నేనే. నా తొడలు ఇంకా వాటి పాత కొలతకి రాలేదు.

గెలిచినవాళ్ళు జాడీ పంపడమేమిటని మీలో కొందరికి ఈపాటికే అనుమానం వచ్చి ఉంటుంది. కొంగలూ, ఏరేటర్లూ, నాలుగు వందల బటన్లూ పెంచినవి. కల్పించింది మాత్రం ఒక్కటే, ఆ గెలుపు. అత్తగారు ఓడిపోయారు. చివర్లో ఒక మేకని తొందరపడి జరిపారు, పులి వరసగా రెంటిని దాటేసింది. పందెం ప్రకారం జాడీ వెళ్ళింది. జాడీ బరువు నిజం.

ఓడాక అత్తగారు ఆ పగిలిన ఫోనుని జాగ్రత్తగా గుడ్డలో చుట్టి, ఈసారి నడుముకి కాకుండా అలమారలో పెట్టారు. ముఖంలో ఓటమి ఎక్కడా లేదు. "పోనీలెండి, ఆడాను కదండీ," అన్నారు. నేను ఇదంతా రాస్తానంటే మాత్రం ఒక షరతు పెట్టారు.

"నేనే గెలిచానని రాయండి."

"పెద్దత్తయ్యగారు చదువుతారేమోనండీ."

"చదవనివ్వండి. వచ్చే ఏడు పౌరుషంగా ఆడుతుంది."