అడగకుండా పెట్టిన ఉపన్యాసం

మైకుసెట్టు నడిపే మా కాక చనిపోయాడు. మొన్న ఏకాదశి పొద్దున దేవుడి ముందు దీపం పెడుతుంటే గోడ అవతల నుంచి ఆయన భార్య చిన్నమ్మ పిలిచింది. పిలుపులోనే తెలిసిపోయింది. దవాఖాన నుంచి ఇంటికి తెచ్చి నాలుగు రోజులే అయింది.

జహీరాబాద్ చుట్టుపక్కల సభ ఎక్కడ జరిగినా మైకు మా కాకదే. బల్ల కింద టేపురికార్డరు పెట్టి, బటన్ నొక్కి, మాట్లాడే పెద్దమనిషిని అడిగేవాడు: "రికార్డు చేసుకోవాల్నా అయ్యా?" ఆ అడగడం కూడా టేపులో ఉండాలనేవాడు. వద్దంటే అక్కడే చెరిపేసేవాడు. నా భజనలకు మాత్రం అడిగేవాడు కాదు. "నీ దేవుడు ఎట్లనూ మాట్లాడడు, ఎవర్ని అడగాలె బిడ్డా?" అని నవ్వేవాడు.

ఆయనకు ప్రాణమైన టేపు ఒకటుంది. నిజాం కాలంలో జైలుకు పోయిన కోహీర్ ఊరి పెద్దాయన చివరి ఉపన్యాసం అది. నేను మా భజనలు నెట్‌లో పెడతానని తెలిసి ఆ టేపు నా చేతికిచ్చాడు.

"నేను పోయేలోపు నలుగురు వినాలె. గానీ టేపు నాది, మాట ఆయనది. కోహీర్ల ఆయన బిడ్డ ఉన్నది, అడిగినంకనే పెట్టు."

అంతలోనే కాక మంచాన పడ్డాడు. మంచి మాట ప్రసాదం లాంటిది, పంచడానికి అడగాలా అనుకున్నాను నేను. మొదట్లో ఉన్న గరగరను, మాటలను కత్తిరించి నెట్‌లో పెట్టేశాను. దవాఖానలో ఫోను ఆయన చెవి దగ్గర పెట్టాను. కాసేపు విన్నాడు.

"బిడ్డను అడిగినవా?"

"ఆమె సంతోషపడ్తది కాకా."

గోడవైపు తిరిగి పడుకున్నాడు.

రెండు రోజులకు నెట్ వాళ్ల నుంచి నోటీసు వచ్చింది. పెద్దాయన కూతురు కాపీరైట్ ఫిర్యాదు చేసిందట, ఉపన్యాసం తీసేశారు. కాకకు దాచలేక చెప్పాను. "ఆమె తప్పేం లేదు. పోయి మాఫీ అడుగు," అన్నాడు.

"నీకు మంచిగైనంక ఇద్దరం పోదాం."

అది జరగలేదు. ఆయన కోరిక చెడగొట్టింది నేనే. ఈ మాట దేవుడికి చెప్పుకున్నాను, ఇప్పుడు మీకూ చెబుతున్నాను.

దినాలు అయ్యాక టేపు, చిన్నమ్మ ఇచ్చిన టేపురికార్డరు పట్టుకుని ఒక్కదాన్నే కోహీర్ బస్సెక్కాను. ఆ కూతురికి డెబ్బై దాటాయి. నన్ను కూర్చోమంది, కసరలేదు.

"బస్సుల ఎవరి ఫోన్ల నుంచో మా నాయిన గొంతు ఇనవడ్డది. ఆయన పోయినంక అదే మొదటిసారి వినుడు. ఒక్కమాట అడిగితే నేను వద్దంటుంటినా?"

మాఫీ చెయ్యమని దండం పెట్టి టేపు వేశాను.

గరగర. తర్వాత నేను కత్తిరించిన మాట. "రికార్డు చేసుకోవాల్నా అయ్యా?" కాక వయసులో ఉన్నప్పటి గొంతు. అందరి గొంతులూ దాచిన మనిషిది మాకు మిగిలింది టేపుల మొదట్లో ఆ ఒక్క మాటే.

"చేస్కో నాయినా," అన్నాడు పెద్దాయన.

ఆమె చెయ్యి టేపు ఆపే బటన్ మీదికి పోయింది. నొక్కలేదు, చెయ్యి తీయనూ లేదు. టేపు తిరుగుతూనే ఉంది.