ఎలిసమ్మ ఫోటోలు పోయిన రాత్రి

ఆ రాత్రి ఫోన్లో "ఏం లేదులేన్నా" అన్నాను. మూడేళ్ళుగా నేను దాచిందంతా ఆ మాట వెనకే ఉంది. నమ్మితే నమ్మండి... నా కళ్ళతో చూసిందే చెబుతున్నాను.

పత్తికొండలో ఒక ఫోటో స్టూడియో. నేను పెళ్ళి ఆల్బమ్‌లు తయారుచేసేవాణ్ణి. ప్రభుదాసన్న ఫోటోలు తీసేవాడు. ఇద్దరమూ ఓనరు దగ్గర జీతానికి పనిచేసేవాళ్ళమే. మా వైపు ఇంట్లో ఎవరైనా పోతే, పటం కట్టించడానికి పాత పెళ్ళి ఫోటోల్లో వాళ్ళ ముఖం వెతికించుకుంటారు. అందుకే ముప్పై ఏళ్ళ ఫోటోలు ఒకే కంప్యూటర్లో దాచాడాయన. చనిపోయిన తన భార్య ఎలిసమ్మవి కూడా.

ఒకరోజు పెళ్ళివాళ్ళ ముందే నా పని చూసి అన్నాడు. "నీ చేతిలో పడితే పెండ్లికూతురు గూడా పటం కట్టేదానికొచ్చినట్లే ఉంటాదప్పా రామాంజీ." అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. నాకూ ఒక రోజు వస్తుందిలే అనుకున్నాను.

వచ్చింది. గుడ్ ఫ్రైడే ముందు రాత్రి. మర్నాడు సెలవు. పని మిగిలి నేనొక్కణ్ణే ఉన్నాను. షట్టరు సగం దించాను. ఫ్యాను చప్పుడు... టక్... టక్... నా చేతిలో టీ గ్లాసుంది. మౌస్ ఎవరూ ముట్టలేదు.

తెర మీద బాణం కదిలింది.

ఇంటి నుంచి పని చేసుకోవడానికి ప్రభుదాసన్న బయటి నుంచి ఆ కంప్యూటర్లోకి దారి పెట్టుకున్నాడు. పాస్‌వర్డు స్టూడియో పేరే. ఆయనేమోనని ఫోన్ చేశాను. వెనక పాటలు... గుసగుసగా అడిగాడు. "చర్చిలో ఉండానప్పా. ఏమన్నా పనుండాదా?"

బాణం కదులుతూనే ఉంది.

"ఏం లేదులేన్నా."

ఇంటర్నెట్ వైరు నా మోకాలి పక్కనే. పట్టుకున్నాను. పీకితే చాలు... పీకలేదు. ఆ దారి పెట్టింది ఆయన. రేపు తిట్లు తినేదీ ఆయనే. తిననీ.

బాణం ఆగింది. నన్ను చూస్తున్నట్టు... వందల పెళ్ళి ఫోల్డర్లు. ఒక్కటీ ముట్టలేదు. కిందికి దిగింది... ఇంకా కిందికి... "ఎలిసమ్మ" అన్న పేరు మీద ఆగింది. తెరిచింది.

కొంగు సర్దుకుంటూ ఒకటి. బియ్యం చెరుగుతూ ఒకటి. పైనుంచి ఒక్కొక్కటే తెల్లబడింది... ఒక్కొక్కటే... చివరిదాంట్లో ఆమె సూటిగా నన్నే చూస్తోంది.

అదీ తెల్లబడింది.

అప్పుడు పీకాను వైరు. అయినా మిగతావీ తెల్లబడటం ఆగలేదు. కాపీల డిస్కు రోజూ తీసి బీరువాలో పెట్టాల్సింది నేను. ఆ రోజు కంప్యూటర్ నుంచి తీయలేదు. అదీ పోయింది. తెర మీద ఇంగ్లీషులో రాసి ఉంది... డబ్బు కడితేనే తాళం తీస్తామని.

రిపేరు చేసే అతను చెప్పాడు. ఇలాంటి దొంగలు వారాల ముందే కంప్యూటర్ లోపలికొచ్చి అన్నీ చూసుకుంటారట. ఎవరూ ఉండని సెలవు ముందు రాత్రి తాళం వేస్తారట. కానీ ఎక్కడివాళ్ళో ఏమో, తెలుగులో రాసిన ఆ పేరునే ముందు ఎందుకు ఏరుకున్నారో అతనికీ తెలియలేదు.

ఫోటోలు తిరిగి రాలేదు. ఆ దారి పెట్టినందుకు ప్రభుదాసన్న ఉద్యోగం పోయింది. నేను నోరు మెదపలేదు.

మొన్న ఆలూరులో ఆయన ఇంటికి వెళ్ళి అంతా చెప్పాను. గోడకు మేకుంది. ఎలిసమ్మ పటం లేదు. ఆ మేకు వైపు చూస్తూ అడిగాడు. "అన్ని ఫోటోలుండె గదప్పా. ఆయమ్మవే ఎందుకు ముందు తెరిచె?"

"నాకు తెలీదన్నా. నీకు నొప్పి తగలల్లని మనసులో కోరుకున్న్యా. వైరు నా చేతిలోనే ఉండె. పీకలేదు. నన్ను క్షమించన్నా."