గడియ తీసిన చెయ్యి

నిన్న మద్దేనం ధర్మవరంలో మా చెల్లెలింట్లో అన్నం తింటాంటే టీవీలో నా చేతులు కనబడె. పాత సీరియల్ మళ్లీ ఏస్తాండారు, ఆఖరి దినమంట. ఆకుపచ్చ గాజులు, చేతికి ఆరు. మా చెల్లెలు, "అక్కా, ఈడ తింటాండావు, ఆడ చపాతీలు ఒత్తుతాండావు" అనె. ఇద్దరం నవ్వినాం. నవ్వినాక నేను కంచం పక్కకు జరిపి టీవీ తట్టు తిరిగినా.

మా ఆయన కెమెరా ఆయన. పెనుకొండలో పెండ్లిండ్లకు వీడియో తీస్తా మొదలుపెట్టి, హైదరాబాదు పోయి సినిమాలకు లైట్లు మోసి మోసి, కడాకు కెమెరా పట్టినాడు. ఎడిటింగూ నేర్చినాడు. తెర మీద ఆయప్ప పేరు రెండుతూర్లు పడేది, తీసినోడని ఒకతూరి, కత్తిరించినోడని ఒకతూరి. నాకు చదువు రాదు గానీ ఆ పేరు మాత్రం రూపుపట్టి చెప్తా. సినిమాలు తగ్గినాక హిందూపురం వచ్చి ఈ సీరియల్ పట్టుకున్యాడు. అత్త కోడల్ని గడప దాటనీని కథ. కోడలు ఏషం కట్టిన పిల్ల బెంగుళూరు నుంచి నెలకు నాలుగు దినాలు వచ్చి ఏడ్చి పోయేది. పిండి పిసికేది, ఉత్తరం చించేది, తడిసిన కొంగు పిండేది, మొగం లేకుండా చేతులు మాత్రం కనబడే పనంతా నాది.

పెండ్లికి ముందు నేను పట్టుగూళ్ల కాడ పని చేసిందాన్ని. మరిగే నీళ్లలో చెయ్యి పెట్టి గూడులోంచి పోగు కొస పట్టాల. తోలు ఊడేది. అయినా పదిమంది ఆడోళ్లం ఎగతాళి చేసుకుంటా పని చేస్తాంటే ఆ సుఖమే వేరు. మళ్లీ పోతానంటే ఈయప్ప ఒప్పుకోలా, చేతులు చెడతాయని. అంట్లు గూడా తోమనీలా, తానే తోమినాడు. పక్కింటోళ్లు "రాణివి కదమ్మే" అని కుళ్లుకునేవాళ్లు. రాణికేం, కోట దాటే పని లేదు. చెల్లెలి పెండ్లికి ఎర్రగాజులు ఏసుకుంటానంటే, "కంటిన్యూటీ పోతాది మే, నిన్న తీసిన చెయ్యీ రేపు తీసే చెయ్యీ ఒకే మాదిరి ఉండాల" అన్యాడు. ఆ మాటకు నాకు నోరు తిరగకముందే అది చేతులకు బేడీ మాదిరి పడె. గాజు చిట్లితే అంగళ్లన్నీ తిరిగి అదే పచ్చ తెచ్చేవాడు. నాకు జ్వరమొస్తే తెలిసేది కాదు, గోరు ఇరిగితే తెలిసేది.

ఒకనాడు అడిగినా, ఆ కోడలు బయటికి ఎప్పుడు పోతాదని. "ఆఖరి దినం. గడియ తీసేది నీ చెయ్యే. ఆపైన నీ ఇష్టం, గూళ్ల కాడికే పో" అన్యాడు. టీవీవాళ్లు కథ పొడిగిస్తానే ఉండ్రి. ఆరేండ్లు ఆ గడియ కోసం ఎదురుచూసినా.

అది రాకముందే ఆయప్ప పోయె, ఎడిటింగ్ కుర్చీలోనే, గుండె ఆగి. పదో దినం నా గాజులు పగలగొట్టాల. తొమ్మిదో దినం సీరియల్ మేనేజరు వచ్చి, నీళ్లు నములుతా, "అమ్మా, ఆ గాజులతో గడియ తీసే షాటు ఒక్కటి మిగిలుండాది" అనె. మా అత్త, నిజం అత్త, చీపురు కోసం చూసె. నేనే లేచినా. కొత్త కెమెరా ఆయన ఒక్కతూరికే చాలన్యాడు. మా ఆయనైతే, "చెయ్యి ఇంకా బెదురుతాండాది మే" అని పదితూర్లు తీయించేవాడు.

దినాలైనాక గూళ్ల కాడికి పోతి. ఆరేండ్లు మెత్తబడిన చేతులు ఆ వేడి పట్టలేకపాయె. మూడోనాడు వాళ్లే వద్దని పంపించిరి.

నిన్న ఆ ముక్కే వచ్చె. నా చెయ్యి గడియ లాగె, తలుపు తెరుచుకునె, ఎండలోకి నడిచిపోయింది మాత్రం బెంగుళూరు పిల్ల. మా చెల్లెలు నా బోసి చెయ్యి పట్టుకునె. తలుపుకుండేదీ గడియే, పొద్దును లెక్కబెట్టేదీ గడియే. తలుపుది నా చేతికి అందె. పొద్దుది బయటిపక్క ఏసుంటాది, లోపలుండేవాళ్లకు అందదు.