అమ్మ పలకని పేరు

నా పేరు మా నాయన తల్లిది. ఆమెను మేం అవ్వ అనేవాళ్ళం. తిరుచానూరు అమ్మవారి పేరే అది. దాని మూలం అరవంలో ఉంది, పువ్వు మీద కొలువున్న తల్లి అని అర్థం. ఆ మాట చెబితే అవ్వ ఒప్పుకునేది కాదు. "అమ్మవారికి అరవమేంది, తెలుగేంది? పువ్వుకు బాస ఉంటాదా?" అనేది.

కాగితాల మీద మాత్రం నా పేరు వేరే వేషంలో ఉంటుంది. అవ్వ పుట్టేనాటికి మా పుదుచ్చేరి ఫ్రెంచివాళ్ళది. పుట్టుక రాయించడానికి పోతే గుమాస్తా తనకు వచ్చిన ఫ్రెంచి పద్ధతిలో రాశాడు. నడుమ ఉన్న 'E' అక్షరం నెత్తిన ఒక చిన్న గీత, చివర 'లు' అనడానికి ఎల్ పక్కన ఓ, యు రెండూ. ఆ కాగితాన్ని అవ్వ పసుపుగుడ్డలో చుట్టి దేవుడి గూట్లో దాచుకుంది. నేను పుట్టినప్పుడు నాయన దాన్ని పట్టుకుపోయి, అక్షరం పొల్లుపోకుండా నా పేరు కూడా అట్లే రాయించాడు. తల్లి పేరు పెట్టుకున్నప్పుడు తల్లి అక్షరాలు కూడా ఉండాలని ఆయన పట్టుదల. కంప్యూటర్లు వచ్చాక నెత్తిమీది గీత రాలిపోయింది. ఓ, యు మిగిలాయి. బ్యాంకులోనూ రేషన్ ఆఫీసులోనూ ఇప్పటికీ "లౌ... లౌ ఎవరు?" అని చివరి ముక్కతో కేకేస్తారు. నేనేనని లేచి నిలబడతాను.

ఆ అక్షరాల మీద నాకు కోపం లేదు. అవ్వ నాకు చాలా ఇచ్చింది, ఇవీ ఆమె ఇచ్చినవే. ఉబ్బసం వల్ల నేను బడికి పోలేదు. బజారులో పాత్రల అంగడి కట్టేసి వచ్చి నాయన ఇంగ్లీషు, లెక్కలు చెప్పేవాడు. తెలుగు అవ్వ నేర్పింది. ఈ ఊళ్ళో తెలుగు మాట్లాడే ఇళ్ళకు కొదవలేదు గానీ తెలుగు చదవగలిగినవాళ్ళు తక్కువ. అవ్వ దగ్గర అమ్మవారి నామాల పుస్తకం ఒకటి ఉండేది. నేను మొదట కూడబలుక్కుని చదివింది అదే. ఆ నామాల్లో మా ఇద్దరి పేరు కూడా ఉంది. దాని మీద వేలు పెట్టి, "ఇది నువ్వు, ఇది నేను" అని అవ్వ చూపించిన రోజు నాకు బాగా గుర్తు.

ఇంట్లో ఆ పేరు పలకనిది అమ్మ ఒక్కతే. అత్త పేరు కోడలు నోట రాకూడదు. నన్ను పుట్టినప్పటినుంచీ "అమ్మీ" అనే పిలిచింది. గుళ్ళో అర్చన చేయిస్తే గోత్రం చెప్పేది, నక్షత్రం చెప్పేది, పేరు దగ్గరకొచ్చేసరికి నన్ను మోచేత్తో పొడిచేది. పొద్దున దీపం ముందు అందరం నామాలు చదువుతుంటే ఆ నామం దగ్గర అమ్మ పెదాలు మూసుకునేది. ఒక్క ఊపిరి పాటు ఆగి, తర్వాతి నామానికి మాతో కలిసేది. అవ్వ పోయింది, నాయన పోయాడు. మేమిద్దరమే మిగిలాక కూడా ఆ నామం నేను ఒక్కదాన్నే చదివేదాన్ని.

రెండేళ్ళ కింద అమ్మకు మరుపు మొదలైంది. కాలాపేటలో మా మేనత్త ఇంటికని బస్సెక్కి, ఆ ఊరు దాటిపోయి, ఎక్కడ దిగాలో చెప్పలేక, కండక్టరు పక్కన కూర్చుని అదే బస్సులో తిరిగొచ్చింది. అప్పుడు ఆస్పత్రికి తీసుకుపోయాను. డాక్టరమ్మ మరుపు పరీక్ష ప్రశ్నలు అరవంలో అడిగింది. అమ్మకు అరవం వచ్చినా ఆ రోజు కంగారులో తెలుగు తప్ప నోట రాలేదు. నడుమ నేను అటూ ఇటూ మాట చేరవేశాను. వారం అడిగింది, నెల అడిగింది. ఆ తర్వాత, "కూతురి పేరేమిటో అడగండి" అంది. నా పేరు నేనే అడగాల్సొచ్చింది.

"అమ్మా, నా పేరేంది?"

"నీకు తెల్దా?"

"నాకు తెలుసమ్మా. నువ్వు చెప్పాలంట."

"యాడన్నా ఉందా ఈ సోద్యం? మీ అవ్వ పేరు నేను చెప్పేదేంది? ఈ డాక్టరమ్మ చేతిలో కాయితం ఉండాది గదా, సూసుకోమను."

నాకు నవ్వు ఆగలేదు. సంగతి చెబితే డాక్టరమ్మా నవ్వింది. కానీ నోటితో చెప్పనిదానికి మార్కు వేయలేనని సున్నా పెట్టింది. ఆ సున్నా నన్నేమీ చేయలేదు. ఇంటికి వచ్చేదాకా నవ్వుకుంటూనే వచ్చాను.

ఆరు నెలలకు మళ్ళీ పోయాం. మళ్ళీ అదే ప్రశ్న. ఈసారి అమ్మ నా వంక చూసి నవ్వింది, డాక్టరమ్మ వంక చూసి నవ్వింది. ఏమీ అనలేదు.

"అది మా ఆచారమండీ" అన్నాను తొందరగా.

"ఆచారమా, మరుపా?" అని ఆమె మెల్లగా అడిగింది.

 అమ్మ ఊరుకోవడం ఎప్పటిలాగే ఉంది. దాని వెనక నేను ఉన్నానో లేనో ఎట్లా తెలుసుకోను?

మేనత్తకు చెప్పుకుని ఏడిస్తే పరిగెత్తుకొచ్చింది. అమ్మ ఎదురుగా మంచం మీద కూర్చుని, "వదినా, మా అమ్మ పేరే గదా అది. ఆమె కూతుర్ని, నేను చెప్తా ఉండా. పాపమొస్తే నాకు రానీ. ఒక్కసారి చెప్పు" అంది.

"మీయమ్మ చెప్పమంటే నాతో చెప్పదా? నీతో చెప్పి పంపిస్తాదా?" అంది అమ్మ.

మేనత్త పడీపడీ నవ్వింది. "సూసినావా, దీనికి మరుపంట! అత్తంటే ఇప్పుడూ అంత భయం ఉండాది. నువ్వేం దిగులు పడొద్దు పాపా" అని నా వీపు నిమిరి వెళ్ళిపోయింది. వీధి తలుపు వేసి వచ్చానో లేదో అమ్మ అడిగింది, "ఎవరామె? అంత చనువుగా మాట్లాడతా ఉండాది?"

ఆ తర్వాత నేను ఎవరినీ ఏమీ అడగలేదు. నన్ను "అమ్మీ" అంటూనే ఉంది గానీ, వీధిలో పూలమ్మే పిల్లనూ "అమ్మీ" అనేది. నాకు మిగిలిన ఆధారం ఒక్కటే. పొద్దున దీపం ముందు ఆ నామం దగ్గర అమ్మ ఆగేది. పెదాలు మూసుకునేవి, ఒక ఊపిరి, మళ్ళీ తర్వాతి నామం. అన్నం తిన్నదీ లేనిదీ తెలియని మనిషి ఆ ఒక్కచోట తప్పకుండా ఆగేది. పేరు లోపల ఉంది గనకే కదా ఆగుతోంది! ఆ ఒక్క ఊపిరి చాలు తల్లీ అని రోజూ అమ్మవారికి దండం పెట్టుకున్నాను. ఆ నామం దగ్గరపడుతుంటే పుస్తకం మీంచి చూపు తీసి అమ్మ పెదాల వంక చూసేదాన్ని.

పోయిన శుక్రవారం అమ్మ ఆగలేదు.

నేను చదువుతున్నాను, అమ్మ నాతోపాటు చదువుతోంది. ఆ నామం వచ్చింది. అమ్మ దాన్ని నిండుగా, ఒక్క అక్షరం తడబడకుండా, అవ్వ పలికినట్టే పలికి ముందుకు పోయింది. ఇన్నేళ్ళ తర్వాత నా పేరు అమ్మ గొంతులో విన్నాను. ఎంత బాగుందో! విన్నందుకు సంతోషించాలో, తన అత్తనూ నన్నూ కలిపి మరిచిపోయిందని ఏడవాలో తెలియక పుస్తకం ఒళ్ళో పెట్టుకుని కూర్చుండిపోయాను. నేను ఆగిపోయేసరికి అమ్మ కూడా ఆగి నా వైపు తిరిగింది.

"ఎవరి పిల్లవే నువ్వు? బాగా సదవతా ఉండావు, ఆపేసినావేంది?" అంది. "దీపంలో నూనె అయిపోతా ఉండాది, కాస్త పొయ్యి."

పోశాను. అమ్మ చేతులు జోడించుకుని, తర్వాతి నామం నేను అందుకోవాలని నా నోటి వంకే చూస్తూ కూర్చుంది.