పేనిన చేయి

హనుమక్క మినుకునార పేనుతుంది. కదిరికి పడమరన, రాతిగుట్టల సందుల్లో, ఇంకే మొక్కా బతకని చోట ఆ నారమొక్క పెరుగుతుంది. మోకాలెత్తు ఆకులు, అంచులకు ముళ్ళు. ఆకు కోసుకొచ్చి, నీళ్ళలో నానబెట్టి, బండ మీద గూటంతో కొట్టి, పీచు దులిపి ఆరబెడితే మామూలు నారలాగే పాలిపోయి కనిపిస్తుంది. మనిషి ఒంటికి తగిలితే మాత్రం వెలుగుతుంది. పసుపుపచ్చని వెలుగు, వేడి ఉండదు. ఆ మనిషి ఊపిరితో పాటే పెరుగుతుంది, తగ్గుతుంది. ఒంట్లో సత్తువ పోతే మసకబారుతుంది.

అందుకే కాన్పు సమయంలో మంత్రసాని తల్లి మణికట్టుకు ఒక పోచ కట్టేది. గాలి సోకదని ఉయ్యాలకూ కట్టేవాళ్ళు. తొంభై ఎనిమిదిలో బెంగళూరు నుంచి ఇద్దరు వచ్చి, ఆసుపత్రిలో నాడి చూసే యంత్రానికి పనికొస్తుందని ఒక మూట పట్టుకుపోయారు. హనుమక్కకు తెలిసిన పని ఒక్కటే, బావితాడు. నారను తాడుగా పేనితే దాని గుణం కొంచెం మారుతుంది. ముడి ఎవరి నడుముకు ఉంటే వాళ్ళకే వెలుగుతుంది. పరాయి చేతులు తగిలినా పట్టించుకోదు. ఒక కొస బావిలోకి దిగే మనిషికి కట్టి, రెండో కొస గట్టు మీద పాతిన రాతికూసానికి కడతారు, పైన ఒకరు తాడు పట్టుకుని ఉంటారు. లోపల చీకట్లో మనిషి ఎట్లా ఉన్నదీ తాడును చూసి పైనున్నవాళ్ళు తెలుసుకుంటారు.

పని నేర్పేటప్పుడు హనుమక్క తల్లి ఒక మాట చెప్పింది. బావిలో మనిషి ఉన్నప్పుడు పేనిన చేయి తాడు పట్టరాదు. ఎందుకో చెప్పలేదు. హనుమక్క అడగలేదు. అమావాస్యనాడు ఆకు కోయరాదు అనేటటువంటి మాటల్లో ఇదీ ఒకటనుకుంది. అయినా దాటలేదు. ఆమె భర్త రంగన్న బావులు లోతు చేసేవాడు. అతను దిగితే పైన తాడు పట్టుకునేది తోటి పనివాడు కుళ్ళాయప్ప.

రెండువేల రెండు ఎండాకాలంలో ఊళ్ళో రైతు దివాకర్ చీనీతోటలో బత్తాయిచెట్లు ఎండుముఖం పట్టాయి. వేసిన బోర్లలో దుమ్ము తప్ప ఏమీ రాలేదు. తాతలనాటి బావిని ఇంకొంచెం తవ్వించి చూద్దామనుకున్నాడు. రంగన్న కొన్నాళ్ళుగా దిగుతున్నాడు. ఒక పొద్దున కుళ్ళాయప్ప పనికి రాలేదు. రంగన్న వెంట వచ్చిన హనుమక్క గట్టు మీదే ఉంది.

“యాడికి పోయినాడు వాడు?” అని అడిగాడు దివాకర్.

“సబ్సిడీ ఇత్తనం శెనక్కాయలకు కదిరిలో లైన్లో నిలబడినాడంట అన్నా,” అన్నాడు రంగన్న. “తన బదులు చెప్పులు పెట్టి వస్తే ఒప్పుకోరంట. మనిషే ఉండల్లంట.”

“అయితే రేపు దిగుదువులే.”

“రేపటిదాకా నీ చెట్లు ఆగుతాయా? ఇదో, ఈమె ఉండాది గదా. పెండ్లయినప్పటి నుంచి నన్ను పట్టుకోనే ఉండాది.”

“నేను పట్టుకోగూడదు,” అంది హనుమక్క.

“ఎందుకంట?”

“మాయమ్మ చెప్పింది.”

“మీయమ్మ నన్ను చేసుకోవద్దని గూడా చెప్పింది. విన్నావా?”

మట్టి లాగడానికి వచ్చిన కూలీలిద్దరూ నవ్వారు. హనుమక్కకూ నవ్వొచ్చింది. తాడు అందుకుంది.

రంగన్న దిగాడు. గడ్డపార చప్పుడు మొదలైంది. కూలీలు వేరే మోకుతో మట్టిగంపలు పైకి లాగుతున్నారు. ఎండ గట్టు మీదికి ఎక్కేవేళకు లోపల చప్పుడు ఆగింది. కిందికి వదిలిన గంప నిండలేదు.

దివాకర్ వంగి చూశాడు. తాడు అడుగుదాకా వెలుగుతూ ఉంది.

“ఎంత బాగా వెలుగుతాందో చూడు. బీడీ ముట్టించింటాడు.”

“ఇదో, వినపడతాందా?” అని పిలిచింది హనుమక్క. బావిలోంచి ఆమె గొంతే తిరిగొచ్చింది.

“అలిగినాడేమోలే అక్కా,” అన్నాడు ఒక కూలీ.

ఆమె తాడునే చూస్తోంది. వెలుగు గబగబా పెరుగుతోంది, గబగబా తగ్గుతోంది. కూర్చుని బీడీ తాగే మనిషి ఊపిరి అట్లా ఉండదు. తన రొమ్ము ఎగసిపడుతోందని అప్పుడు గమనించింది. ఊపిరి బిగబట్టింది. తాడులో వెలుగు కదలకుండా నిలిచింది. వదిలింది. వెలుగు మళ్ళీ కదిలింది.

పేనిన చేతిని తాడు మరచిపోదు. తల్లి చెప్పకుండా వదిలేసిన సంగతి అదే. పొద్దుటి నుంచి అందరూ చూస్తున్నది రంగన్న ఊపిరి కాదు, ఆమెది.

పైన పట్టుకున్నవాళ్ళు ఏం జరిగినా తాడు వదలకూడదు. బావిపని చేసేవాళ్ళ ఇళ్ళలో పిల్లలకు కూడా తెలుసు. హనుమక్క రెండు చేతులూ వదిలేసింది. వెలుగు ఆరిపోయింది. బాగా అడుగున, బూడిద కింద నిప్పులా, ఏదో ఉన్నట్టు కనిపించింది.

“లాగండి,” అంది. “అడుగున విషగాలి పట్టింది. లాగండి.”

దివాకర్, కూలీలు కలిసి లాగారు. ఆమె చేయి కూడా ముందుకు పోయింది. వెనక్కి తీసుకుని చంకల్లో పెట్టుకుంది. తాను ముట్టుకుంటే అతను ఉన్నదీ లేనిదీ తెలియదు. అందరూ లాగుతుంటే ఆమె ఒక్కతే పక్కన నిలబడి ఆ మసక వెలుగును చూస్తూ ఉండిపోయింది.

గట్టు మీద వేపచెట్టు నీడలో పడుకోబెట్టి ముఖాన నీళ్ళు కొట్టారు. చాలాసేపటికి నడుము దగ్గర తాడు పసుపుపచ్చగా వెలిగింది. ఆ తర్వాత రంగన్న కళ్ళు తెరిచాడు.

“తాడు వదిలేసినావంటనే,” అన్నాడు సాయంత్రం.

“వదిలేసినా.”

“ఇన్నాళ్ళకు మీయమ్మ మాట విన్నావు.”

ఆ బావిలో నీళ్ళు పడలేదు. చీనీచెట్లు ఆ ఏడే కట్టెలకు పోయాయి. రంగన్న ఇంకో నాలుగైదేళ్ళు బావుల్లోకి దిగాడు. అప్పటికి ఊళ్ళో బావులు తవ్వించేవాళ్ళే లేకుండా పోయారు. హనుమక్క ఊరందరికీ పేనింది, బెంగళూరు వాళ్ళకూ పేనింది. రంగన్నకు మాత్రం మళ్ళీ పేనలేదు. అతని తాడు పక్కింటి గంగక్క పేనేది. గంగక్కకు పని మీద ఓపిక తక్కువ. పీచు సరిగ్గా దులపదు.

“గంగక్క తాడు ఒరుస్తాందే. నడుమంతా కమిలింది,” అనేవాడు రంగన్న దిగేముందు.

“కమలనీలే,” అనేది హనుమక్క, రెండో కొసను చేతులకు చుట్టుకుంటూ.