పర్సోం ఇచ్చిన బాట

కిషన్‌బాగ్‌లో మా గల్లీ చివర బీరయ్య మామ బర్రెల కొట్టం ఉంది. వాళ్ల తాతల భూమిలో ఇప్పుడు మిగిలింది అదీ, దాని పక్కనున్న ఖాళీ జాగా. ఆ జాగా మీదుగానే మేమంతా మెయిన్ రోడ్డుకు వెళ్తాం. చిన్నప్పటి నుంచి సైకిల్ మీద ఇంటింటికీ పాలు పోసిన మనిషి, అరవై దాటాక కార్పొరేటర్‌గా పోటీకి దిగాడు. అంతకుముందు మా బస్తీ నుంచి ఎవరూ నిలబడింది లేదు. నేను కుట్టుమిషను వదిలేసి ప్రచారం చూస్తూ గడప దగ్గరే ఉండిపోయేదాన్ని.

నామినేషన్లు ముగిశాక ఎన్నికల ఆఫీసరు మా గల్లీకి వచ్చాడు. ఓట్ల కోసమే బీరయ్య తన జాగాలో బాట ఇచ్చాడని ప్రత్యర్థి కొండల్ ఫిర్యాదు చేశాడట. నిజమని తేలితే కేసవుతుంది. గెలిచినా సీటు దక్కదు.

ఆఫీసరు మా పక్కింటి ఖైసర్ బేగంను అడిగాడు. "ఈ బాట ఎప్పుడిచ్చారమ్మా?"

"పర్సోం ఇచ్చిండు సాబ్."

"పర్సోం అంటే మొన్ననే. రాసుకోండి సార్" అన్నాడు వెంటే వచ్చిన కొండల్.

బీరయ్య మామ ముఖం పాలిపోయింది. మా దగ్గర పర్సోం అంటే మొన్న కావచ్చు, ఎన్నో ఏళ్ల కిందట కూడా కావచ్చు. ఆ సంగతి నేను చెప్పేలోపే ఆఫీసరు కాగితం తీశాడు.

"మొన్న అంటే కుదరదు, తారీఖు చెప్పండి" అన్నాడు ఆఫీసరు.

"తారికా? ఇంట్లనే ఉన్నడు. తారిక్, ఇటు రా బేటా, సాబ్ పిలుస్తున్నరు."

కూతురిని ఎత్తుకుని, సగం నెరిసిన గడ్డంతో ఆమె కొడుకు బయటికొచ్చాడు.

"నేనడిగింది తారీఖమ్మా..."

"ఇగో, ఈడే. ఈడు కడుపుల ఉన్నప్పుడు నాకు నొప్పులొచ్చినయ్. దవాఖానకు పోవాలంటే గల్లీ అంతా తిరగాలె. బీరయ్య భాయ్ గడ్డపారతోని తన గోడ పడగొట్టిండు. నన్ను మంచం మీద అటుకెల్లి తీస్కపోయిన్రు. గప్పటి సంది గదే బాట."

"నీకెన్నేళ్లయ్యా?" ఆఫీసరు తారిక్‌ను అడిగాడు.

"నలభై రెండు సార్."

"ఏం కొండలన్నా, మొన్ననేనా?" అన్నారెవరో. గల్లీ అంతా పడీపడీ నవ్వింది.

"నువ్వే చెప్పొచ్చు కదా" అన్నాడు ఆఫీసరు బీరయ్య మామతో.

"గోడ పడగొట్టిన దినం ఎవడు యాద్ పెట్టుకుంటడు సార్? మా బాపు తిట్టిన తిట్లయితే మస్తు యాదికున్నయ్."

ఫిర్యాదు అక్కడితో పోయింది. నేను నా మొదటి ఓటు వేసి వచ్చాను. మామ గెలిచాడని ఫోన్ రాగానే డప్పులు మొదలయ్యాయి. దండలు పట్టుకుని అందరం కొట్టంలోకి పరుగెత్తాం. పాలు పిండుతున్న మామ తల కూడా ఎత్తలేదు.

"జర ఆగుండ్రి. బర్రె తంతది."